పగకు ప్రాక్టికల్ మార్కులు

గుండ్లమడుగు ప్రభుత్వ డిగ్రీ కళాశాలలో పగ లేదన్న సంగతి విశ్వవిద్యాలయానికి ఆలస్యంగా తెలిసింది. తెలిశాక మాత్రం ఊరుకోలేదు.

అసలా ఊళ్ళో పగలకి ఎప్పుడూ కరువు లేదు. ఒక తరం కిందట చుట్టుపక్కల పల్లెల్లో మనిషికో శత్రువు ఉండేవాడు, శత్రువు లేనివాడికి పిల్లనివ్వడానికి కూడా జనం వెనకాడేవాళ్ళు. తర్వాత ఎందుకో అందరికీ విసుగొచ్చింది. బాంబుల సంచులు మోసిన చేతులే మనవళ్ళ పుస్తకాల సంచులు మోస్తూ బడి దాకా దిగబెట్టి రావడం మొదలుపెట్టాయి. ఎవరూ సభ పెట్టలేదు, ఎవరూ శాలువా కప్పలేదు, పగలు వాటంతటవే చల్లారాయి. ఇలా అనుమతి లేకుండా చల్లారినవాటిని విశ్వవిద్యాలయం గుర్తించదు కాబట్టి, కొత్తవి తెప్పించింది.

తెప్పించడం ఎలాగంటే, చదువులన్నీ అంతర్జాతీయ స్థాయిలో ఉండాలని పైవాళ్ళు ఒకనాడు నిశ్చయించుకున్నారు. కొద్ది రోజుల్లోనే ఇంగ్లీషు విద్యార్థులకి ‘పాశ్చాత్య నవలల్లో కక్షలు, ప్రతీకారాలు’ అని ఒక తప్పనిసరి పేపరు దిగింది. టోపీలు పెట్టుకున్న మనుషులు గుర్రాల మీద తిరుగుతూ, నీళ్ళ కోసమో పశువుల మేత కోసమో ఒకళ్ళ నాన్నల్ని ఒకళ్ళు చంపుకునే నవలలు మూడు పాఠ్యగ్రంథాలు. మూడింట్లోనూ కథ మొదలైన కాసేపటికే హీరో తండ్రి చచ్చిపోతాడు. ఇక పుస్తకం అయిపోయేదాకా హీరో గుర్రం దిగడు, స్నానం చెయ్యడు, నవ్వడు.

ఇంతవరకూ ఎవరికీ ఇబ్బంది లేదు. పాఠం చెప్పే కాంట్రాక్టు లెక్చరర్ మద్దిలేటి మెత్తని మనిషి. చీమని తొక్కితే చీమకి క్షమాపణ చెప్పే రకం. ఆయన చెబుతుంటే ఆ నవలల్లో హంతకులు కూడా కొంచెం మర్యాదస్తుల్లాగే వినిపించేవారు. పిల్లలు నోట్సు రాసుకున్నారు, పరీక్ష రాశారు, మర్చిపోయారు. చదువు సవ్యంగానే సాగుతోంది.

అప్పుడు రెండో ఉత్తర్వు వచ్చింది. చేసి నేర్చుకోనిది నేర్చుకున్నట్టు కాదనీ, ఇకమీదట ప్రాక్టికల్ లేని పేపరు పేపరే కాదనీ దాని సారాంశం. సైన్సు వాళ్ళు మీసం మెలేశారు. చరిత్ర శాఖవారు తెలివైనవాళ్ళు, ఆవరణలో ఒక గుంత తీసి తవ్వకాలన్నారు. తెలుగు శాఖవారు సమాసాలకి ప్రాక్టికలేమిటని అడిగి మెమో తెచ్చుకున్నారు. మిగిలింది మద్దిలేటి.

ప్రిన్సిపాల్ ఇందుశేఖర్ గారు ఆయన్ని గదిలోకి పిలిచి, కుర్చీ చూపించకుండా, ఉత్తర్వు చూపించారు.

“మద్దిలేటి గారూ, విషయం మీకు అవగతమయ్యే ఉంటుంది. రసాయన శాస్త్రానికి ఆమ్లం ఎలాగో మీ పేపరుకి పగ అలాగ. అది మన కళాశాలలో అందుబాటులో లేదు. తక్షణమే సమకూర్చుకోవలసి ఉన్నది.”

“పగ యాడినించి తెచ్చేది సార్?”

“ఆ బాధ్యత శాఖాధిపతిది.”

“నేను కాంట్రాక్టోణ్ణి గదా సార్. శాఖలో ఉండేదే నేనొక్కణ్ణి.”

“అందుకే శాఖాధిపతి కూడా మీరే,” అన్నారు ప్రిన్సిపాల్ ఉదారంగా. “మార్గదర్శకాలు స్పష్టంగానే ఉన్నాయి. ప్రయోగశాలలో ముందు గురువు చేసి చూపించాలి, తర్వాత విద్యార్థులు చెయ్యాలి. కనుక మీరు ఒక శత్రువుని సంపాదించుకోవాలి. పాఠ్యగ్రంథాల ప్రకారం మేలుజాతి శత్రువులందరూ పూర్వం ప్రాణమిత్రులే. కాబట్టి పరాయి మనిషిని తేవడానికి వీల్లేదు. జువాలజీ ఓబులేసు గారితో మీరు రోజూ భోంచేస్తారట కదా.”

మద్దిలేటి నోరు తెరిచేలోగా ఆయన గొంతు తగ్గించారు. “చూడండి, ఈ ప్రాక్టికల్ గట్టెక్కితే మిమ్మల్ని పర్మనెంట్ చెయ్యమని సిఫారసు రాస్తామని సాక్షాత్తూ విశ్వవిద్యాలయం మదింపు సంఘం అధ్యక్షులు కోదండపాణి గారే సెలవిచ్చారు. గట్టెక్కకపోతే పేపరు ఎత్తేస్తారు. పేపరు ఎత్తేశాక ఆ పేపరు చెప్పేవాడితో పనేముంటుంది?”

పదిహేనేళ్ళుగా మద్దిలేటి ప్రతి వేసవిలోనూ ఉద్యోగం ఊడి, వానలు పడ్డాక మళ్ళీ మొలుస్తున్నాడు. పర్మనెంటు అన్న మాట చెవిన పడగానే ఆయనకి ఇంట్లో పెళ్ళాం నాగవేణి ప్రతి ఏప్రిల్లోనూ అడగకుండా ఊరుకునే ప్రశ్న గుర్తొచ్చింది. అడిగితేనే నయమనిపించే ప్రశ్న అది.

ఓబులేసు సంగతి ఇక్కడ చెప్పుకోవాలి. ఆయనా కాంట్రాక్టే, ఆయనదీ అదే ఏప్రిల్. ఇద్దరూ మధ్యాహ్నం జువాలజీ ల్యాబులో, సీసాల్లో నానుతున్న పాముల పక్కన కూర్చుని తింటారు. నాగవేణి జొన్నరొట్టె, గోంగూర పంపుతుంది. ఓబులేసు తల్లి ఈశ్వరమ్మ రాగిసంగటి, నువ్వులపొడి పంపుతుంది. ఆమె పేరు చెక్కిన స్టీలు డబ్బా ఒకటి ఆ రెండిళ్ళ మధ్యా ఏళ్ళ తరబడి తిరుగుతోంది. ఒకళ్ళింటి డబ్బా ఖాళీగా తిరిగివ్వకూడదు కదా, ఇది వెళ్ళేటప్పుడు నువ్వులపొడితో వెళుతుంది, వచ్చేటప్పుడు కజ్జికాయలో, కరివేపాకు కారమో, ఏదీ లేనినాడు గుప్పెడు బెల్లమో మోసుకొస్తుంది. అది ఎవరి బాకీయో తేల్చే నాథుడు లేడు, తేల్చాలన్న తొందర కూడా ఎవరికీ లేదు.

మొదటి నవల పాఠం చెప్పిన రోజున, హీరో తండ్రి చావు గురించి మద్దిలేటి సరదాగా చెబుతుంటే, ఓబులేసు ముద్ద పక్కనపెట్టి తన కథ చెప్పాడు. వాళ్ళ నాయన్ని పొలం గట్టు మీద, కాలవ నీళ్ళ గొడవలో, ఊళ్ళోవాడే నరికాడు. ఓబులేసుకి అప్పటికి మీసాలొచ్చాయి. ఊరంతా అతని చేతుల కేసి చూసింది. ఈశ్వరమ్మ మాత్రం ఇంకో పీనుగని మొయ్యలేనని కొడుకుని తెల్లారేసరికి బస్సెక్కించి కాలేజీకి పంపింది. ఊరు నవ్వింది.

“ఆయప్ప జైల్నించి వచ్చినంక ఒకసారి బస్సులో కనపడినాడు మద్దిలేటీ. ముసిలోడైపోయినాడు. నిలబడ్ల్యాక ఊగుతాండాడు. నన్ను గుర్తుపట్టలా. జరిగి కూచోమని చోటిచ్చినా. ఎంటికిచ్చినానో నాకే తెలీదు. మాయమ్మకు గూడా చెప్పలా. నువ్వెవురికీ చెప్పాకు.”

“నేనెవరికి చెప్తాబ్బా,” అన్నాడు మద్దిలేటి. ఆయన ఆ మాట మనస్ఫూర్తిగానే అన్నాడు.

ఇప్పుడు శత్రుత్వం ప్రతిపాదన వినగానే ఓబులేసు పొలమారేలా నవ్వాడు. “ఇన్నాళ్ళు అన్నం బెట్టి ఇప్పుడు శత్రువు గమ్మంటాండవా? కానీలేబ్బా. నీకు పర్మనెంటైతాదంటే శత్రువేంది, దయ్యమైనా ఐతా. ఏం చెయ్యల్లో చెప్పు.”

ఏం చెయ్యాలో చెప్పడానికి మార్గదర్శకాలు ఉండనే ఉన్నాయి. కక్ష నాలుగు యూనిట్లుగా సాగాలి. మొదటిది మూలకారణం, రెండోది అవమానం, మూడోది ప్రతీకారం, నాలుగోది గుణపాఠం. ప్రయోగశాల పరికరాలు జిల్లా కేంద్రం నుంచి లారీలో వచ్చాయి. రెండు టోపీలు, మద్దిలేటి తలకి పెద్దవి, ఓబులేసు తలకి చిన్నవి. గుర్రాల పద్దు కింద నిధులు లేవు గనుక ద్విచక్ర వాహనాన్ని గుర్రంగా పరిగణించవచ్చునని అనుబంధ ఉత్తర్వు వచ్చింది. తుపాకులకి పోలీసువారు ఒప్పుకోలేదు. అందుచేత దీపావళికి పిల్లలు రీలు పెట్టి టపటపలాడించే తుపాకులు రెండు కొన్నారు. వాటికి కూడా స్టాకు రిజిస్టరులో ‘ఆయుధాలు’ అని రాసుకుని ప్రిన్సిపాల్ గారు బీరువాలో పెట్టి తాళం వేశారు.

అన్నిటికన్నా ఘనమైనది ద్వారం. ఆ నవలల్లో సారాకొట్టుకి రెండు రెక్కల తలుపులుంటాయి, హీరో వాటిని భుజంతో నెట్టుకుని లోపలికొస్తాడు. ఆ తలుపులే వచ్చాయి. సారాకొట్టు ప్రభుత్వ కళాశాలలో పెట్టరాదు కనుక క్యాంటీనుకి బిగించమన్నారు. క్యాంటీను నాలుగు రాటలమీద వేసిన రేకుల పందిరి, గోడలు లేవు. గోడకి నిధులు వచ్చేదాకా ఆగితే తలుపుల నిధులు మురిగిపోతాయని, పందిరి ముందు రెండు గుంజలు పాతి తలుపులు బిగించారు. నాలుగు పక్కలా తెరుచుకున్న క్యాంటీనులోకి తలుపుల్లోంచే రావాలని, పక్కనించి వచ్చినవాళ్ళకి ఉగ్గాని బజ్జి వెయ్యరాదని నోటీసు పెట్టారు. ఆకలేసిన పిల్లలు వరసలో నిలబడి, ఒక్కొక్కరే తలుపు నెట్టుకుని, హీరోల్లా లోపలికి వచ్చి బజ్జీలు తిని, పక్కనించి వెళ్ళిపోయేవారు. వెళ్ళడం గురించి నోటీసులో ఏమీ లేదు.

మొదటి యూనిట్ మూలకారణానికి నవలల్లో నీళ్ళున్నాయి, పచ్చికబయళ్ళున్నాయి. కళాశాలలో ఉన్నవి స్టాఫ్ రూములో ఒక నీళ్ళ క్యాను, బయట ఒక వేపచెట్టు నీడ. ఆ నీడలో ఒక్క స్కూటరే పడుతుంది. ఇన్నాళ్ళూ మద్దిలేటి, ఓబులేసు తమ స్కూటర్లని ఒకదాని మీద ఒకటి ఒరిగించి రెండూ పట్టించేవారు. ఇక మీదట అవే వాళ్ళ బావి, వాళ్ళ బయలు అని తీర్మానమైంది.

ఇక్కడొక చిక్కొచ్చిపడింది. ఈ యూనిట్లో మార్కులన్నీ పగ తీర్చుకునేవాడికే, అన్యాయం చేసినవాడికి సున్నా. ఓబులేసు మర్యాదగా, “నువ్వే తీర్చుకో మద్దిలేటీ, నీ పేపరు గదా. నేను నీ నీళ్ళు తాగుతా,” అన్నాడు. మద్దిలేటి, “వద్దులేబ్బా, నువ్వు చెడ్డోడివెట్లైతావు? నేనే నీ నీడలో పెడతా,” అన్నాడు. ఒకరి స్కూటరు ఒకరు ఎండలో పెట్టుకుంటూ, ఒకరి గ్లాసు ఒకరు నింపుకుంటూ వారం గడిపేశారు. నీడ ఖాళీగా ఉందని ప్రిన్సిపాల్ గారు తమ కారు అక్కడ పెట్టుకున్నారు.

మదింపు సంఘం రానే వచ్చింది. అధ్యక్షులు ఆచార్య కోదండపాణి గారు పొట్టి మనిషి, మాట మాత్రం పొడుగు. పూలమాలలయ్యాక ద్వారం గుండా క్యాంటీనులో ప్రవేశించి, కక్షను తిలకించారు. మద్దిలేటి గ్లాసెత్తి, “నా నీళ్ళు నువ్వెందుకు తాగినావు?” అన్నాడు. ఓబులేసు, “దప్పికయ్యింది,” అన్నాడు. మద్దిలేటికి తర్వాతి మాట తోచక, “ఇంకో గ్లాసు తాగు,” అనేశాడు.

కోదండపాణి గారు కళ్ళజోడు తీశారు. “ప్రయత్నం ప్రశంసనీయమే. కానీ ఇందులో ఫలితాధారిత వైరం ఎక్కడ? తీవ్రతా సూచిక ఏది? ఈ ప్రాంతం కక్షలకు పుట్టినిల్లని విని, ఎంతో ఆశతో వచ్చాం. ఇక్కడ చూస్తే అతిథి మర్యాదలు జరుగుతున్నాయి. మద్దిలేటి గారూ, రెండో యూనిట్లో అవమానం ఉంది. వచ్చే నెల వస్తాం. అది గుండెలో దిగాలి. దిగకపోతే సంఘం విచారంతో వెనుదిరగవలసి ఉంటుంది. మీరు కూడా.”

ఆ నెల మద్దిలేటి తిట్లు సాధన చేశాడు. తిట్టడం చేతగాని మనిషికి అది ఈత కన్నా కష్టం. ఇంట్లో అద్దం ముందు నిలబడి, “నీ స్కూటరుకి హారను మోగదు,” అన్నాడు. నాగవేణి వంటింట్లోంచి, “మనదాంది మోగుతాదా?” అంది. సంఘం వచ్చే ముందురోజు మధ్యాహ్నం ల్యాబులో ఓబులేసే సాయం చేశాడు. “నాకు ఇంగ్లీషు రాదని అను. నాది బట్టతలను. మాయమ్మ సంగటి బాగుండదని మాత్రం అనాకు, ఆమెకు తెలిస్తే నిన్నే కొడ్తాది.” ఇద్దరూ నవ్వుకున్నారు. సీసాల్లో పాములు కూడా ఆ పూట కాస్త కదిలినట్టనిపించాయి.

ఆ పూట కలిసి తినడం వాళ్ళకి చివరిసారవుతుందని ఎవరికీ తోచలేదు.

సంఘం రెండోసారి వచ్చిన రోజు క్యాంటీను కిక్కిరిసింది. పిల్లలు నోటుపుస్తకాలు తెరిచి అవమానం కోసం సిద్ధంగా కూర్చున్నారు. మద్దిలేటి టోపీ కనుబొమల మీదికి జారుతుంటే ఎత్తుకుంటూ నిలబడ్డాడు. ఎదురుగా ఓబులేసు టోపీ నడినెత్తిన గూడులా కూర్చుంది.

“నీకు ఇంగ్లీషు రాదు,” అన్నాడు మద్దిలేటి.

“నిజమే,” అన్నాడు ఓబులేసు, ఒప్పుకున్నట్టే.

“నీది బట్టతల.”

పిల్లల్లో ఎవరో నవ్వారు. కోదండపాణి గారు కలం మూత పెట్టారు. మద్దిలేటికి ఆ మూత పడిన చప్పుడు వినిపించింది. ప్రిన్సిపాల్ గారు వెనకనించి, “ఏప్రిల్ దగ్గర్లోనే ఉంది మద్దిలేటి గారూ,” అని గొణిగారు. ఇంకేదైనా, గట్టిగా తగిలేది ఏదైనా ఉందా అని మద్దిలేటి లోపలంతా వెతికాడు. ఉంది. ఒకటే ఉంది. దాన్ని ఎవరో నమ్మి తన దగ్గర దాచుకున్నారు.

“నాయన్ని నరికినోనికి బస్సులో జరిగి చోటిచ్చిన మొగోడివి. నువ్వా నాతో నీళ్ళ కోసం కొట్లాడేది?”

ఆ మాట తన గొంతుతోనే వచ్చిందని తెలుసుకోడానికి మద్దిలేటికి కాస్త సమయం పట్టింది. నాలుక వెనక్కి తీసుకోవచ్చు గానీ మాట వెనక్కి రాదు. ఓబులేసు ముఖంలో ఏమీ మారలేదు. నెత్తిమీది టోపీ తీసి, రెండు చేతులా పట్టుకుని, దాని అంచు కేసి చూస్తూ నిలబడ్డాడు. అతని ఊరివాళ్ళ పిల్లలు ఆ గుంపులో నలుగురైదుగురున్నారు.

కోదండపాణి గారు లేచి నిలబడి చప్పట్లు కొట్టారు. సభ్యులందరూ కొట్టారు. “అద్భుతం. ఇదీ అనుభవాత్మక అధ్యయనం అంటే. స్థానిక వనరులను పాశ్చాత్య సిద్ధాంతంతో మేళవించిన తీరు అమోఘం. ఈ విషయం మీకు ఎలా లభ్యమైంది?”

“తానే చెప్పినాడు సార్,” అన్నాడు మద్దిలేటి.

“క్షేత్రస్థాయి సేకరణ,” అని రాసుకున్నారు కోదండపాణి గారు. పిల్లలు కూడా రాసుకున్నారు. అది ముఖ్యమైన ప్రశ్న అవుతుందని వాళ్ళకి తెలుసు.

మూడో యూనిట్ ప్రతీకారం మరుసటి వారం మిట్టమధ్యాహ్నానికి నిర్ణయించారు. నవలల్లో అదే ముహూర్తం. భోజనాల వేళ అవుతుందని కొందరు సణిగితే, పగకి ఆకలి ఉండదని ప్రిన్సిపాల్ గారు తేల్చారు. ఈసారి మార్కులు ఓబులేసువి. కాల్చేది అతను, తగిలేది మద్దిలేటికి. ప్రతీకారం పూర్తయితే ఓబులేసు పేరు కూడా సిఫారసులో కలుపుతామని కోదండపాణి గారు దయచేశారు. అదొక్కటే మద్దిలేటికి ఆ వారంలో ఊరట. టప్పుమని ఒక్క చప్పుడు. తను కిందపడతాడు. లేచి, దుమ్ము దులుపుకుని, మనం మనం సమానమబ్బా అంటాడు. ఇద్దరూ పర్మనెంటు. మధ్యాహ్నం రొట్టె.

ఆ వారమంతా ఓబులేసు ల్యాబు తలుపు లోపలనించి గడియ వేసుకుని తిన్నాడు. మద్దిలేటి ఒకసారి తట్టాడు. పిల్లల పరీక్షపేపర్లు దిద్దుతున్నానని లోపలనించి జవాబొచ్చింది. నాగవేణి పంపిన గోంగూర సాయంత్రానికి అలాగే ఇంటికి వచ్చింది.

ఆ రోజు ఎండ నిప్పులు చెరుగుతోంది. ఊళ్ళోంచి కూడా జనం వచ్చారు. గోడలు లేని క్యాంటీను చుట్టూ నిలబడ్డారు. వాళ్ళలో తలపాగాలు చుట్టుకున్న ముసలివాళ్ళు కొందరున్నారు. తుపాకులు ఎలా ఉంటాయో వాళ్ళకి వివరించి చెప్పాల్సిన పనిలేదు. దీపావళి తుపాకీ చూసి వాళ్ళు నవ్వలేదు, ఒకరి మొహాలొకరు చూసుకున్నారు.

ఓబులేసు తన గుర్రాన్ని, అంటే స్కూటరుని, ఎండలోనే ఆపాడు. రెండు రెక్కల తలుపు నెట్టుకుని వచ్చాడు. ప్రిన్సిపాల్ గారు బీరువాలోంచి తెచ్చిన ఆయుధాన్ని అందించారు. మద్దిలేటి గుండె మీద చొక్కా సర్దుకుని, కాస్త ముందుకే వచ్చి నిలబడ్డాడు, గురి తప్పకుండా.

ఓబులేసు తుపాకీ తెరిచాడు. ఎర్ర రీలు బయటికి లాగి, చుట్ట చుట్టి, బల్లమీద పెట్టాడు. దాని పక్కనే తుపాకీ పెట్టాడు.

“నాకు క్లాసుంది సార్,” అన్నాడు కోదండపాణి గారితో.

“ఏమిటిది? అంత ఘోరమైన మాట అన్నారే ఆయన. మీకు పగ లేదా?”

“లేదు సార్.”

“ఎందుకు లేదు?”

“ఉన్నమాటే గదా అన్నాడు.”

తలుపుల్లోంచి కాకుండా పక్కనించి నడిచి, ఎండలో పడి వెళ్ళిపోయాడు. తలపాగాల ముసలివాళ్ళు పక్కకి జరిగి అతనికి దారిచ్చారు.

ఇది సంఘాన్ని చాలా నొప్పించింది. వాళ్ళ పాఠ్యగ్రంథాల్లో ఎక్కడా ఇలా జరగలేదు. కథానాయకుడు మధ్యలో క్లాసుకి వెళ్ళిపోతే ఆ నవల ఏమైపోవాలి? ప్రతీకారం తీర్చుకోవడంలో ఉద్దేశపూర్వక నిర్లక్ష్యం చూపినందుకు సంజాయిషీ ఇవ్వవలసిందని ఓబులేసుకి మెమో వెళ్ళింది. పగ లేనందున తీర్చుకోలేదని అతను ఒక్క ముక్కలో జవాబిచ్చాడు. ఆ జవాబు సంతృప్తికరంగా లేదని, ప్రభుత్వ విధానం పట్ల విముఖత అందులో కనిపిస్తున్నదని, ఇంతకు పూర్వం సొంత తండ్రి విషయంలో కూడా ఇదే వైఖరి అవలంబించినట్టు ప్రయోగశాల రికార్డుల్లో నమోదై ఉన్నదని కోదండపాణి గారు ఫైలులో రాశారు. పాతనేరస్తుడని తేలింది. వచ్చే ఏడాదికి అతని కాంట్రాక్టు పొడిగించనక్కరలేదన్నారు.

మద్దిలేటిది మాత్రం మొదటి శ్రేణి. అవమానం యూనిట్లో నూటికి నూరు. పర్మనెంటు ఉత్తర్వు రిజిస్టరు పోస్టులో వచ్చింది. పక్క కళాశాలలవాళ్ళకి శిక్షణ ఇవ్వమని ఆహ్వానాలు కూడా వచ్చాయి. ప్రాణమిత్రులు ఉన్న లెక్చరర్ల వివరాలు పంపమని విశ్వవిద్యాలయం అన్ని కళాశాలలకీ రాసింది. చాలాచోట్ల లెక్చరర్లు ఒకరి పక్కన ఒకరు కూర్చోవడం మానేశారు.

ఉత్తర్వు జేబులో పెట్టుకుని మద్దిలేటి ప్రిన్సిపాల్ గదికి పరిగెత్తాడు.

“సార్, నేనూ ఓబులేసూ రాజీపడినామని రాసిస్తా. ఆయన్ని ఉండనీయండి.”

ఇందుశేఖర్ గారు జాలిగా చూశారు. “రాజీకి యూనిట్ లేదండీ. సిలబస్‌లో లేని పని మనం ఎలా చేస్తాం?”

అక్కడినించి జువాలజీ ల్యాబుకి వెళ్ళాడు. ఓబులేసు బీరువా ఖాళీ చేస్తున్నాడు. పాముల సీసాలు ఒక్కొక్కటే గుడ్డతో తుడిచి, తర్వాత వచ్చేవాళ్ళ కోసం వరసగా పెడుతున్నాడు.

“ఏమన్నా చెయ్యబ్బా,” అన్నాడు మద్దిలేటి. “నన్ను కొట్టు. నలుగురిలో నా పరువు తియ్యి. నా ఇంట్లో సంగతులన్నీ నీకు తెల్సు, యాదో ఒకటి చెప్పు మైకులో. ఏదో ఒకటి చేస్తే మనకు చెల్లుకు చెల్లవుతాది.”

ఓబులేసు చేతిలోని సీసాని వెలుగుకి పెట్టి చూశాడు, మరక పోయిందో లేదో అని.

“నాకు మీ మీద పగేం లేదు సార్.”

ఆ ‘మీ’, ఆ ‘సార్’ మద్దిలేటికి చెంప మీద తగిలినట్టే అయింది. పదిహేనేళ్ళలో ఎన్నడూ లేని మర్యాద అది. ఆ మర్యాదని ఏం చేసుకోవాలో ఆయనకి తెలియలేదు.

“పాసైనందుకు సంతోషం,” అన్నాడు ఓబులేసు. ఆ మాటలో వెటకారం లేదు, అదే భరించడం కష్టమైంది. తర్వాత సంచిలోంచి స్టీలు డబ్బా తీసి బల్లమీద పెట్టాడు. “మాయమ్మ నువ్వులపొడి పంపించింది. మీకు ఉద్యోగం ఖాయమైందని చెప్పినా. ఇంకేం చెప్పలా.”

మద్దిలేటి డబ్బా అందుకున్నాడు. మూతమీద ఈశ్వరమ్మ అన్న అక్షరాలు అరిగిపోయి, వేలికి తగిలీ తగలనట్టు ఉన్నాయి.

“డబ్బా తిరిగి ఇయ్యబన్లేదు సార్,” అన్నాడు ఓబులేసు, ఇంకో సీసా అందుకుంటూ.

సాయంత్రం నాగవేణి ఉత్తర్వు కాగితాన్ని కళ్ళకద్దుకుని దేవుడి పటం ముందు పెట్టింది. ఎన్నో ఏప్రిళ్ళ తర్వాత ఆమె ముఖం తేటగా ఉంది. నువ్వులపొడి వేరే సీసాలో పోసి, డబ్బా రుద్ది కడిగి, తుడిచి, గట్టుమీద బోర్లించింది. కాలేజీలో ఏం జరిగిందో మద్దిలేటి ఇంట్లో చెప్పలేదు. చెప్పడానికి మాటలు దొరకలేదు, ఉన్న ఒక్క మాటా ఆ రోజే క్యాంటీనులో వాడేశాడు.

“ఇంత శుభవార్తయితే బెల్లమా పెట్టేది? కజ్జికాయలు చేస్తా,” అంది ఆమె, పొయ్యి వెలిగిస్తూ. “ఏమయ్యా, ఓబులేసన్నకు కజ్జికాయలు పెట్టేదా, లేకుంటే ఈశ్వరమ్మత్తకు పళ్ళు లేవు గదా, మెత్తగా సున్నుండలు చెయ్యల్లా?”

మద్దిలేటి బోర్లించిన డబ్బాకేసి చూస్తూ కూర్చున్నాడు. వినపడలేదేమో అనుకుని నాగవేణి మళ్ళీ అడిగింది.